ఓడిన తీర్మానము

తరగతిలో మద్రాసు శాసనసభాచరిత్రమును బోధించుచుండగా నొకనాడొక బాలుడు లేచి, "అయ్యవారూ, ఓడిపోయిన తీర్మానమును మనమెందుకు జ్ఞాపకముంచుకోవాలి?" అని మమ్మడిగెను. తరగతియంతయు నవ్వెను. మాకు వెంటనే యుత్తరము తోచలేదు. ఇంతలో గంట మ్రోగుటచే నానాటికి మా పరువు దక్కినది. కాని యా ప్రశ్న మమ్మింటిదాక వెంబడించెను. ప్రజాప్రభుత్వమనగా నేమి యను పెద్దప్రశ్న దానియందిమిడియున్నదని పిమ్మట గ్రహించితిమి.

ఆ తీర్మానమును తెచ్చినవారు మన చిత్తూరుసీమవారే. చిత్తూరునంటియున్న కట్టమంచిలో 1880లో జన్మించిన రామలింగారెడ్డిగారిని తెలుగువారు కవిత్వతత్త్వవిచారకర్తగా నెరుగుదురు. ఆంధ్ర విశ్వవిద్యాలయమునకు మొదటి వైస్ ఛాన్సలరుగా నెరుగుదురు. కేంబ్రిడ్జిలో చదువుకొను దినములలో నచ్చటి విద్యార్థుల వాదసభకు వారు ఉపాధ్యక్షులైరి. ఆ వాదనాశక్తి రాజ్యవ్యవహారమున కుపయోగపడిన సందర్భమును మాత్రము మనవారంతగా తలపరు. 1923 నవంబరులో పానుగంటి రాజావారి మంత్రివర్గముపై మద్రాసు శాసనసభలో రెడ్డిగారు అవిశ్వాసతీర్మానమును తెచ్చిరి. భారతదేశపు శాసనసభలలో నట్టి తీర్మానమిదియే మొదటిది.

ఆనాటి సభ యెట్టిదో తెలిసికొననిదే దీని విలువ తెలియదు. 1919 చట్టముచే నేర్పడినది ద్వంద్వప్రభుత్వము. విద్య, ప్రజారోగ్యము, స్థానికపరిపాలన మంత్రుల పాలయ్యెను. పోలీసు, భూమిశిస్తు, ఖజానా గవర్నరు కార్యాలోచనసభవారి చేతనే నిలిచెను. గవర్నరు సలహాదారులు గాక సభ్యులు 127 మంది. అందు ప్రజలెన్నుకొన్నవారు 98 మంది, తక్కినవారు ప్రభుత్వము నియమించినవారు. మంత్రులను నియమించువాడు గవర్నరు; తొలగించువాడును గవర్నరే. అట్టి సభలో నిలిచి, మీరు మాకు జవాబుదారులు, మీపై మాకు నమ్మకము లేదు అనుట వట్టి పక్షకలహము గాదు. చట్టము స్పష్టముగా నీయని హక్కును సభ తనంతట తాను చేతికి తీసికొనుట యది.

రెడ్డిగారు నిన్నటిదాక రాజావారి జస్టిస్ పక్షమువారే. ఆ పక్షమును నడుపు తీరు గిట్టక వెలుపలికి వచ్చినవారు. తీర్మానమునకు 44 ఓట్లు, ప్రతికూలముగా 65 ఓట్లు వచ్చినవి. తీర్మానమోడెను; మంత్రివర్గము నిలిచెను.

మరి మిగిలినదేమి? ఇచ్చట తత్త్వవేత్తలను గొంచెము విచారింతము. ప్రజాప్రభుత్వమును ప్లేటో నమ్మలేదు. నావను నడుపుట తెలిసినవానికి చుక్కాని నప్పగింతుము గాని ప్రయాణికుల ఓట్లు తీసికొందుమా యని యాతని వాదము. ఆతని శిష్యుడు అరిస్టాటిలు దీనికి మన గృహిణులు మెచ్చదగిన సమాధానము చెప్పెను: విందు బాగున్నదో లేదో వండినవానికంటె తిన్నవాడు బాగుగ నెరుగును, ఇంటి గుణదోషములు కట్టినవానికంటె కాపురమున్నవానికి బాగుగ తెలియును. అనగా పాలించు నేర్పు కొందరికే యుండవచ్చును. పాలనమును పరీక్షించు నధికారము మాత్రము దానిని అనుభవించువారిదే. ఫ్రెంచి భాషలో వ్రాసిన రూసో 1762లో నింకొక చిక్కు చూపెను. ఎన్నికలనాడు స్వతంత్రుడైన ప్రజ మరునాటినుండి దాసుడేయని యాతని యాక్షేపణ. ఓటు వేయుటతో ప్రజాప్రభుత్వము ముగిసినయెడల నాక్షేపణ నిజమే. 1861లో మిల్లు పండితుడు దానికి మార్గము చూపెను: ప్రతినిధిసభ పని తానే పాలించుట గాదు, పాలించువారిని కనిపెట్టుచు, వారి పనులను వెలుగులోనికి తెచ్చి, సంజాయిషీ యడుగుట. ఈ దృష్టితో చూచిన 44 ఓట్లును వ్యర్థములు గావు. 65 మంది మంత్రులను నిలిపిరి. 44 మంది మంత్రులచే జవాబు చెప్పించిరి.

ఈ బుద్ధి పడమటినుండియే వచ్చినదనుకొనుటయు పొరపాటు. నేటి కాంచీపురం జిల్లాలోని ఉత్తరమేరూరున మొదటి పరాంతకచోళుని కాలపు శాసనములు, 919, 921 సంవత్సరములవి, గ్రామసభావారియముల ఎన్నికను వర్ణించుచున్నవి. పేర్లు వ్రాసిన తాటాకుముక్కలను కుండలో వేసి బాలునిచే తీయించెడివారు. అంతకంటె ముఖ్యమైన నియమమొకటి కలదు: పదవిలో నుండి లెక్క చెప్పనివాడును, వాని బంధువులును ఆ కుండకు దూరము. తిరుమల శాసనములలోను చోళరాజాధికారి విచారణ యొకటి కానవచ్చును. దీపములకై సొమ్ము పుచ్చుకొన్న గ్రామసభ యా దీపములను సరిగా వెలిగించుటలేదని తేలెను. సభయైనంతమాత్రమున ధర్మము నడువదు, సభనుగూడ నడుగువారుండవలెను.

అయితే పూర్వమును పొగడుచు కనులు మూసికొనరాదు. ఉత్తరమేరూరు కుండలో పేరు పడవలెనన్న భూమి, సొంత యిల్లు, వేదవిద్య కావలెను. స్త్రీలకు గాని, పొలము దున్నినవారికి గాని యందు చోటులేదు. లెక్క యడిగినవారు కొందరే, లెక్కకు రానివారనేకులు. ఈ లోపమును గుర్తించినవారిలో పానుగంటి రాజావారి పక్షము నొకటిగా చెప్పుట న్యాయము. వారి కాలముననే 1921లో మద్రాసు సభ స్త్రీలకు ఓటుహక్కు నంగీకరించెను, ఆస్తిగలవారికే యైనను. దేవాలయముల యాదాయమునకు లెక్కలడుగు చట్టమును 1925లో చేసినదియు వారి ప్రభుత్వమే. ధర్మకర్తలను లెక్కలడిగిన మంత్రులనే సభ్యులు లెక్కలడిగిరి. ఇందు వింతలేదు, అడుగువాడు గూడ నడుగబడుటయే యీ పద్ధతికి ప్రాణము.

కాలము గడచెను. 1950లో రాజ్యాంగము మంత్రివర్గమును శాసనసభకు సమష్టిగా బాధ్యమొనర్చెను. 1952 నాటికి వయస్సువచ్చిన ప్రతి స్త్రీకిని, పురుషునకును ఓటు గలిగెను. 1954 నవంబరులో ఆంధ్రరాష్ట్రమున ప్రకాశం పంతులుగారి మంత్రివర్గము మద్యనిషేధపు వివాదములో అవిశ్వాసతీర్మానమునకు లోబడి, ఒక్క ఓటు తేడాతో పడిపోయెను. 1923లో నోడిన తీర్మానము చూపిన దారి యప్పటికి రాజమార్గమైనది.

చదువరులారా, మంత్రులను లెక్కలడుగుట మనకు సులభముగనే యున్నది. పత్రిక చదువుచు వీథియరుగుపై నడుగుచునే యున్నాము. మన యిండ్లమాట యేమి? ఇల్లాలు పాలకు, పప్పునకు పైసలతో లెక్క వ్రాయును. యజమాని దానిని పరీక్షించును. యజమాని యప్పుచేసినను, పొలమమ్మినను, కూతురు చదువు మాన్పించినను లెక్క యడుగువారెవరు? అడిగినచో నది యవిధేయతయని పేరు. ఇంట నిట్లు పెరిగిన బిడ్డ రేపు సభలో లేచి ప్రశ్నింపవలెననిన నెట్లు ప్రశ్నించును?

మేమును దీనికి వెలిగాము. పైని చెప్పిన బాలుడే మరియొకనాడు, పాఠశాల గ్రంథాలయమునకు పిల్లలిచ్చిన చందాల లెక్క చూపుమని వినయముగనే యడిగెను. మాకు ముందు కోపము వచ్చినది. "మమ్మే శంకింతువా?" అని గద్దించితిమి. వాడు తలవంచుకొని కూర్చుండెను. ఆ రాత్రి దీపముకడ లెక్కలు తీసి చూడగా, ఒక పుస్తకపు వెల రెండుమార్లు వ్రాసియుంటిమి. దొంగతనము గాదు, మరపు. అయినను ఆ బాలుడడుగనిచో నది యట్లే యుండెడిది. మరునాడు సరిచేసిన లెక్కను నల్లబల్లపై వ్రాసి, వాని మొదటి ప్రశ్నకును అప్పుడే సమాధానము చెప్పితిమి: ఓడిన తీర్మానమును జ్ఞాపకముంచుకొనుట, అడిగినవాడు తప్పు చేయలేదని మరువకుండుటకు.