శంపాలత మాట

నౌపడ జంక్షన్‌లో దిగితే ఒక పక్క ఉప్పుమళ్ళు, ఇంకో పక్క పర్లాకిమిడి పోయే లైను. 1900లో చిన్న రైలుకోసం వేసిన దారి అది, ఇప్పుడు బ్రాడ్‌గేజి. ఆ దారిలో ఉన్న పర్లాకిమిడిలో గిడుగు రామమూర్తి దగ్గర చదువుకున్న తాపీ ధర్మారావే, 1938లో 'మాలపిల్ల'కు మాటలు రాశాడు. అందుకే ఈ స్టేషన్లో నిలబడ్డప్పుడల్లా నాకు ఆ సినిమా గుర్తొస్తుంది.

కథ చలానిది, దర్శకత్వం గూడవల్లి రామబ్రహ్మానిది. పూజారి కొడుకు నాగరాజు మాలపిల్ల శంపాలతను ప్రేమిస్తాడు. ఊరి చెరువు నీళ్ళు కూడా ముట్టుకోనివ్వని చోట ఆ ఆకర్షణ ఎంత ప్రమాదమో మనకు తెలుసు. కానీ ప్రమాదం ఎవరికి? అబ్బాయికి పోయేది కులం. పిల్లకి? వాడ మొత్తం జవాబు చెప్పుకోవాలి. పేరులో కూడా ఆమె కులమే ఉంది, అతనిది లేదు.

తెరమీద వాడుకభాషకు చోటిచ్చిన సినిమాగా దాన్ని మెచ్చుకుంటాం, మెచ్చుకోవలసిందే. నిన్నటిదాకా తెరమీద పురాణ పాత్రలు గ్రాంథికంలో పలికేవి మరి. అయితే ఎవరి వాడుక? గురువుగారు కోరింది శిష్టుల వాడుక. సవరల భాషకు వ్యాకరణం రాసిన మనిషే అయినా, తెలుగు దగ్గర కొలత మాత్రం చదువుకున్నవారి నోరే. మాలవాడలో పుట్టిన పిల్లకు శంపాలత అని పేరు పెట్టడంలో కూడా ఆ చూపే ఉందేమో! (కాంచనమాల అందం ముందు ఈ సంగతి ఎవరికి పట్టింది?) జంట కలకత్తా పారిపోతుంది. అక్కడ ఆమె చదువుకుంటుంది. భాషలాగే పిల్ల కూడా శిష్టం అయ్యాకే అంగీకారం.

ఇక్కడే చలం, గూడవల్లి వేరుపడతారని నాకనిపిస్తుంది. చలం స్త్రీకి కోరికే సరిపోతుంది, ఎవరి అనుమతీ అక్కర్లేదు. సినిమాలో చివరికి పూజారి ఇల్లు తగలబడాలి, అతని భార్యను ఒక మాలవాడు కాపాడాలి, అప్పుడుగాని ఆ తండ్రి మనసు మారదు. గాంధీ హరిజనోద్ధరణ కాలం అది. మద్రాసు ఆలయప్రవేశ చట్టం మరుసటి ఏడే వచ్చింది. ఆ ధైర్యాన్ని తక్కువ చెయ్యను.

అయితే కథను తిరగేసి, అబ్బాయిని మాలవాడలోనూ అమ్మాయిని అగ్రహారంలోనూ పెడితే? 1938లో ఎవరు తీసేవారు? 2018లో మిర్యాలగూడలో అలాంటి పెళ్ళి చేసుకున్న దళిత యువకుణ్ణి, గర్భిణి అయిన భార్య కళ్ళెదుటే నరికేశారు. అక్కడ తండ్రి మనసు మారలేదు.

నాకు ఇంకా వెలితిగా ఉండేది ఆ కాలిన ఇంట్లోంచి బయటపడిన తల్లి. తనను మోసుకొచ్చిన చేతుల గురించి ఆమె ఏమనుకుంది? కోడలితో ఏం మాట్లాడింది, ఏ తెలుగులో?