హువాషాన్: ఒక్కటే దారి అనుకున్న కొండ

హువాషాన్ అంటే మీ ఫీడ్‌లో వచ్చేది కొండ అంచున చెక్కపలకల మీద నడిచే వీడియోనే కదా. ఇవాళ దాన్ని పక్కన పెడదాం.

చైనాలోని ఐదు పవిత్ర పర్వతాల్లో పడమటిది ఇది, తావో సాధువుల కొండ. ఎత్తు 2,154 మీటర్లు. షియాన్ నుంచి పొద్దున్నే గైడ్‌తో బయల్దేరితే రాత్రికి తిరిగొచ్చేయొచ్చు. కానీ ఒకప్పుడు "హువాషాన్‌కి ఒక్కటే దారి" అని అక్కడో నానుడి. ఉత్తరాన ఓ లోయ, ఆపైన రాతిచీలికలో దాదాపు నిలువుగా మెట్లు, పట్టుకోడానికి ఇనుప గొలుసులు. ఆ చీలిక పైన కాపలా పెడితే చాలు, కిందనుంచి ఎవడూ రాలేడు.

1949లో ఓడిపోతున్న కుమింటాంగ్ సేనాని హాన్ జిపెయ్ ఈ లెక్కతోనే మిగిలిన సైన్యంతో పైకెక్కి కూర్చున్నాడు. మా సాఫ్ట్‌వేర్ వాళ్ల భాషలో చెప్పాలంటే, ఫైర్‌వాల్ ఉంది కదా అని నిద్రపోయాడు. జూన్‌లో కమ్యూనిస్టు సైన్యానికి బ్యాక్‌డోర్ దొరికింది. చూపించింది వాంగ్ యిన్‌షెంగ్, కొండమీద మందుమొక్కలు ఏరుకుని బతికే స్థానికుడు. దారి ఒక్కటే అన్నది యాత్రికుల లెక్క, సేనాపతుల లెక్క. పొట్టకోసం రోజూ కొండెక్కే మనిషిని ఎవరడిగారు? అతని వెనకాల ఓ చిన్న దళం వెదురుగడలు, తాళ్లతో ఎక్కి ఉత్తర శిఖరాన్ని పట్టేసింది. 1953లో దీనిమీద సినిమా కూడా వచ్చింది. అందులో హీరోలు సైనికులే అనుకోండి!

1996లో ఉత్తర శిఖరానికి కేబుల్ కార్ వచ్చింది. మీరెళ్తే ఆ క్యూ దగ్గర కాస్త పక్కకి చూడండి. అక్కడ మొదలయ్యే మెట్లదారికి ఆ దాడి పేరే పెట్టారు.