ఏరి పెట్టినవాళ్ళు: చిన్న ప్రోగ్రాముల జాబితాల కథ

మన కుటుంబాల్లో కంప్యూటరు పని చేసేవాళ్ళకి కొదవలేదు. పగలంతా పెద్ద కంపెనీలో పనిచేసి, రాత్రి భోజనాలయ్యాక సొంతంగా ఏదో చిన్న ప్రోగ్రాము రాసుకునేవాళ్ళు ప్రతి ఊళ్ళోనూ ఒకరిద్దరు ఉంటారు. రాయడం ఒక ఎత్తు, అది కావలసినవాళ్ళ చేతికి చేరడం ఇంకో ఎత్తు. ఆ రెండో పని చేసిపెట్టినవి జాబితాలు. వాటి చరిత్ర ఈవేళ చెప్పుకుందాం.

1982లో అమెరికా పశ్చిమ తీరాన ఇద్దరు మనుషులు, ఒకరి సంగతి ఒకరికి తెలియకుండానే, ఒకే ఆలోచన చేశారు. సియాటిల్ ప్రాంతంలో ఐబీఎం ఉద్యోగి జిమ్ నాఫ్, తన చర్చి సభ్యుల చిరునామాలు అచ్చువేయడానికి మొదలుపెట్టిన ప్రోగ్రామే పీసీ-ఫైల్. కాలిఫోర్నియాలో ఆండ్రూ ఫ్లూగెల్‌మన్ రాసినది పీసీ-టాక్. టెలిఫోను లైను మీద రెండు కంప్యూటర్లను మాట్లాడించే ప్రోగ్రాము అది. "కాపీ తీసుకోండి, స్నేహితులకివ్వండి, నచ్చితే డబ్బు పంపండి" అన్నదే ఇద్దరి పద్ధతీ. తర్వాత ఇద్దరూ మాట్లాడుకుని 25 డాలర్లు అడిగారు. మైక్రోసాఫ్ట్ వదిలి వచ్చిన బాబ్ వాలెస్ 1983లో పీసీ-రైట్ తెచ్చాక, ఈ పద్ధతికి షేర్‌వేర్ అన్న పేరు స్థిరపడింది.

ఇలాంటివి పదులు, వందలు అయ్యేసరికి ఏది మంచిదో తెలియడం కష్టమైంది. అప్పుడు కాలిఫోర్నియాలోని సన్నీవేల్‌లో పీసీ-సిగ్ అనే సంస్థ ఫ్లాపీలకు నెంబర్లు వేసి, పుస్తకంగా జాబితా అచ్చువేసి, పోస్టులో పంపడం మొదలుపెట్టింది. ఇంకోపక్క కీత్ పీటర్సన్ అనే ఆయన సిమ్‌టెల్ భాండారాన్ని ఏళ్ళ తరబడి చూసుకున్నారు. అది 1983 నుంచి న్యూ మెక్సికోలోని వైట్ శాండ్స్‌లో, సైన్యం వాళ్ళ కంప్యూటరు మీద ఉండేది. 1993లో ఆ కంప్యూటరును ఆపేస్తే, వాల్నట్ క్రీక్ అనే సీడీల కంపెనీ సరుకుని తన దగ్గర పెట్టుకుంది. యంత్రం పోయినా జాబితా బతికింది, ఎందుకంటే దాన్ని పట్టించుకునే మనిషి ఉన్నాడు.

ఆ 1993లోనే మిషిగన్ రాష్ట్రం ఫ్లింట్‌లో స్కాట్ స్వెడోర్స్కీ టూకౌస్ ప్రారంభించాడు. విండోస్‌లో ఇంటర్నెట్టు వాడుకోవడానికి పనికొచ్చే ప్రోగ్రాములు చూసి, వాటికి ఆవు బొమ్మలతో మార్కులు వేసేవారు. అయిదు ఆవులు వస్తే ఫస్టు క్లాసన్నమాట! నవ్వులాటగా కనిపించినా దాని వెనక అసలు విషయం ఒకటుంది: ఎవరో ఒకరు ముందుగా చూసి, "ఇది పనిచేస్తుంది" అని తన మాటగా చెబుతున్నారు. జనం నమ్మింది ఆ మాటని.

ఆ నమ్మకం ఎలా చెడుతుందో కూడా చరిత్రలో ఉంది. 2011లో డౌన్‌లోడ్.కామ్ వారు ఇతరులు రాసిన ప్రోగ్రాములకు తమ ఇన్‌స్టాలర్ చుట్టి, అడగని టూల్‌బార్లు అంటగట్టారు. రాసినవాళ్ళు బహిరంగంగానే అభ్యంతరం చెప్పారు. టూకౌస్ మాత్రం 2021లో డౌన్‌లోడ్ల విభాగాన్ని గౌరవంగా ముగించింది. ఆ సంగ్రహం ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో భద్రంగా ఉంది.

ఇప్పుడు మన సంగతికొద్దాం. తెలుగు కంప్యూటరెక్కింది ఎక్కువగా ఇలాంటి చిన్న ప్రోగ్రాముల వల్లే. హ్యూస్టన్‌లోని రైస్ విశ్వవిద్యాలయంలో పుట్టిన రిట్, దేశికాచారిగారి పోతన, వేమన ఫాంట్లు, 2006లో వీవెన్ గారి లేఖిని, నాగార్జున వెన్నగారి పద్మ - ఏదీ పెద్ద కంపెనీ సరుకు కాదు. మనలో చాలామందికి అవి తెలిసింది ఎవరో చెబితేనే.

యూనికోడ్ రాకముందు ఒక్కో తెలుగు ఫాంటు, ఇంగ్లీషు అక్షరాల సంఖ్యల చోట తన ఇష్టమొచ్చినట్టు తెలుగు ముక్కలు పెట్టుకునేది. ఆ ఫాంటు లేకపోతే ఆ ఫైలు అర్థంలేని గీతల గుంపు. ఏ ఫాంటులో ఏ సంఖ్యకి ఏ ముక్కో తెలిసిన పద్మ లాంటి పనిముట్టే దాన్ని మళ్ళీ తెలుగు చేయగలదు. 2009లో జియోసిటీస్ అమెరికాలో మూతపడితే అక్కడి సొంత పేజీలు చెదిరిపోయాయి. 2017 నవంబరులో ఫైర్‌ఫాక్స్ 57 వచ్చి పాత తరహా పొడిగింపులన్నిటినీ ఆపేసింది. తాతగారు టైపు చేయించిన జ్ఞాపకాలో, అమ్మమ్మ కథలో పాత ఫాంటులో ఉండిపోయి ఉంటే, వాటిని చదవగలగడం ఏదో ఒక చిన్న ప్రోగ్రాము మీదే ఆధారపడి ఉంది.

అందుకే, మనవాళ్ళెవరైనా ఈ చిన్న పనిముట్లకు ఏరిన జాబితా ఒకటి ప్రారంభిస్తానంటే, గడిచిన 40 ఏళ్ళ పాఠం వారికి చెప్పండి. వేల పేర్లు అక్కర్లేదు, వాడి చూసిన 30 చాలు. ప్రతి పేరు పక్కన అది ఏం చేస్తుందో, ఎవరు రాశారో, చివరిసారి ఎప్పుడు పరీక్షించారో, దాని నకలు ఇంకెక్కడ దాచారో రాయాలి. రాసినవారి అనుమతి తీసుకోవాలి. అన్నిటికన్నా ముఖ్యం, ఈరోజు చూసుకునేవారు రేపు మానేస్తే తాళంచెవి ఎవరికివ్వాలో మొదటిరోజే రాసిపెట్టాలి.

మీ ఇంట్లో పాత ఫ్లాపీలూ సీడీలూ ఉంటే ఈ వారాంతం ఒకసారి తీసి చూడండి. వచ్చే వారం మళ్ళీ కలుసుకుందాం. సెలవు.