బార్ట్‌లే వెన్నెల

తోలుబొమ్మలాటలో తెర వెనుక దీపం వెలుగుతుంటే, బొమ్మను ఆడించేవారే పద్యం పాడి మాట చెప్పేవారు కనుక, తెలుగునాట కదిలే బొమ్మకూ వినిపించే గొంతుకూ పొత్తు శతాబ్దాల నాటిది. 1921లో రఘుపతి వెంకయ్య, ఆయన కుమారుడు ప్రకాశ్ తీసిన మూకీ ‘భీష్మ ప్రతిజ్ఞ’లో విడిపోయిన ఆ జంట, 1932లో ‘భక్త ప్రహ్లాద’ టాకీతో మళ్లీ కలిసింది. టాకీ ఫిల్ము అంచున శబ్దాన్ని సైతం సన్నని కాంతిచారగా ముద్రించేవారు. సౌండ్‌ట్రాక్ అంటే అదే.

అలా గొంతుతో మళ్లీ కలిసిన ఆ బొమ్మకు వెలుగునిచ్చినవారిలో ఒకడు, ఆంగ్లో ఇండియన్ అయిన మార్కస్ బార్ట్‌లే (1917–1993) పత్రికా ఛాయాగ్రాహకుడిగా, న్యూస్‌రీలు కెమెరామన్‌గా చెయ్యి తిరిగి, 1945లో ‘స్వర్గసీమ’తో వాహినీ సంస్థ చిత్రాలకు ఛాయాగ్రాహకుడిగా వచ్చాడు. ఆయన చిత్రించిన ‘పాతాళ భైరవి’, ‘మిస్సమ్మ’ ఒక్కొక్కటీ ఒక్కో వ్యాసానికి తగినవే అయినా, 1957 మార్చి 27న విడుదలైన ‘మాయాబజార్’ నౌకావిహార గీతం దగ్గర ఎవరైనా ఆగవలసిందే.

ఆ పాటలోని వెన్నెలలో అధికభాగం స్టూడియోలో దీపాలతో పుట్టించినది. నలుపు తెలుపు చిత్రంలో వెన్నెలకు చల్లని నీలిరంగు తోడు రాదు కాబట్టి, అలల నెత్తిన తళుకు, ముఖాల అంచున పలుచని వెలుగు, పూర్తిగా నల్లబడని నీడ, ఈ మూడే రాత్రిని నమ్మించాలి. అదే పడవలో అభిమన్యుడూ శశిరేఖా, కృష్ణుడూ రుక్మిణీ, బలరాముడూ రేవతీ వంతులవారీగా కనిపిస్తారు. జంటల వయసులు మారుతున్నా ఘంటసాల, లీల గొంతులు మారవు, వెన్నెలా మారదు. ముందే రికార్డు చేసిన పాటను సెట్లో వినిపిస్తూ చిత్రీకరించే ప్లేబ్యాక్ పద్ధతిలో, సాలూరి రాజేశ్వరరావు బాణీకి తగినట్టు పడవ మెల్లగా సాగుతుంటే, చూస్తున్నామో వింటున్నామో తెలియని హాయి కలుగుతుంది. తెలుగు తెరపై ఇంతకు మించిన వెన్నెల రాలేదు.

తరువాతి కథ ఇంత సాఫీగా నడవదు. రంగుల చిత్రాలు వచ్చాయి. బార్ట్‌లే మలయాళంలో ‘చెమ్మీన్’ సముద్రాన్ని చిత్రించాడు, తమిళ ‘శాంతి నిలయం’కు జాతీయ పురస్కారం అందుకున్నాడు. ఆయన మరణించిన పదిహేడేళ్లకు, 2010 జనవరిలో, ‘మాయాబజార్’కు కంప్యూటరుతో రంగులద్ది, శబ్దాన్ని కొత్త థియేటర్లకు అనువుగా మలిచి, కొన్ని పాటల భాగాలను తొలగించి విడుదల చేశారు. ఆ శ్రమ గొప్పదే, కొత్త తరం ఆ చిత్రాన్ని థియేటర్లో చూడగలిగింది. కాని బార్ట్‌లే లెక్క కట్టిన వెలుగునీడలకు రంగు అక్కరలేదు. పిల్లలకు ‘మాయాబజార్’ మొదటిసారి చూపించేవారు దయచేసి నలుపు తెలుపు ప్రతినే చూపించాలి.