రీవాల్యుయేషన్ ఫలితంలో జాప్యం: విద్యార్థికి చట్టం చూపే దారులు

ఉక్కునగరం భిలాయిలోని కోహ్కా నుంచి ఛత్తీస్‌గఢ్ హైకోర్టు ఉన్న బిలాస్‌పూర్‌కు దాదాపు 140 కిలోమీటర్లు. ఉక్కు కర్మాగారంలో కొలువు కోసం వచ్చి స్థిరపడిన తెలుగు కుటుంబాల పిల్లలూ ఈ ప్రాంత కళాశాలల్లో చదువుతారు. వీరిలో ఎవరికైనా రీవాల్యుయేషన్ ఫలితం సకాలంలో రాకపోతే పీజీ ప్రవేశ గడువు దాటిపోతుంది. సప్లిమెంటరీ రుసుము కట్టాలో వద్దో కూడా తేలదు.

ఇక్కడ మార్కులపై వివాదం వేరు, జాప్యంపై వివాదం వేరు. మార్కుల విషయంలో న్యాయస్థానాలు సాధారణంగా జోక్యం చేసుకోవు. నిబంధనల్లో లేని పునర్మూల్యాంకనాన్ని హక్కుగా కోరజాలరని సుప్రీంకోర్టు 1984లోనే, పరితోష్ భూపేశ్‌కుమార్ సేఠ్ కేసులో తేల్చింది. సానుభూతికి ఇందులో తావులేదని 2017లో రణ్‌విజయ్ సింగ్ కేసులో స్పష్టం చేసింది. జాప్యం సంగతి అలా కాదు. నిబంధనల ప్రకారం రుసుము స్వీకరించిన విశ్వవిద్యాలయం ఆ దరఖాస్తును పరిష్కరించవలసిందే. ఆ విధిని గడువులోగా నెరవేర్చాలని రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద హైకోర్టు ఆదేశించవచ్చు. కాబట్టి పిటిషన్‌లో ‘మార్కులు పెంచండి’ అనడం కన్నా ‘ఫలితం తేల్చండి’ అని కోరడమే మేలు.

2017లో ముంబయి విశ్వవిద్యాలయం కంప్యూటర్ తెరపై మూల్యాంకనం ప్రవేశపెట్టగా లక్షల జవాబుపత్రాలు పేరుకుపోయాయి. న్యాయశాస్త్ర విద్యార్థులు బొంబాయి హైకోర్టును ఆశ్రయించారు. నాటి గవర్నర్, తెలుగువారైన చెన్నమనేని విద్యాసాగర్‌రావు కులపతి హోదాలో జులై 31ని గడువుగా నిర్దేశించారు. ఆ గడువూ దాటింది. అక్టోబరులో ఉపకులపతిని ఆయన పదవి నుంచి తొలగించారు.

రుసుము చెల్లించినంత మాత్రాన విద్యార్థి వినియోగదారుడు కాడు. పరీక్షల బోర్డు సేవల సంస్థ కాదని 2009లో బిహార్ బోర్డు కేసులో సుప్రీంకోర్టు తీర్పునిచ్చింది. అందువల్ల వినియోగదారుల కమిషన్‌ను ఆశ్రయిస్తే కాలహరణమే.

హైకోర్టు కన్నా ముందు రెండు దారులున్నాయి. యూజీసీ 2023 నిబంధనల ప్రకారం ఫలితాల జాప్యంపై విద్యార్థుల ఫిర్యాదుల పరిష్కార కమిటీకి, ఆపై అంబుడ్స్‌పర్సన్‌కు మొరపెట్టుకోవచ్చు. నిర్దిష్టమైన అవకతవకనో వివక్షనో చూపనిదే పునర్మూల్యాంకన కోరికను మాత్రం అంబుడ్స్‌పర్సన్ స్వీకరించరు.

రెండోది సమాచార హక్కు చట్టం. దిద్దిన జవాబుపత్రాన్ని చూసే, నకలు పొందే హక్కు విద్యార్థికి ఉందని 2011 ఆగస్టు 9న ఆదిత్య బందోపాధ్యాయ కేసులో సుప్రీంకోర్టు ప్రకటించింది. 30 రోజుల్లో బదులు రావాలి. రాకుంటే అప్పీలు చేసుకోవచ్చు. దిద్దినవారి పేర్లు మాత్రం చెప్పరు. అయితే విశ్వవిద్యాలయం నిబంధనల్లో ఉన్న కాలపరిమితి దాటాక జవాబుపత్రాలను భద్రపరచనక్కరలేదు. అందుచేత రీవాల్యుయేషన్ ఫలితం కోసం ఎదురుచూస్తూ కూర్చోక, దానితోపాటే నకలుకూ దరఖాస్తు చేయాలి. పత్రం ధ్వంసమయ్యాక ఏ న్యాయస్థానమూ దాన్ని తిరిగి తెప్పించలేదు.

ఖర్చు భరించలేనివారికి దుర్గ్‌లోని జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉంది. మహిళలకు, ఎస్సీ, ఎస్టీ విద్యార్థులకు 1987 నాటి చట్టం ప్రకారం ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయసహాయం లభిస్తుంది.