ఆంధ్ర రంజీ బౌలర్ బాట

ఆంధ్ర జట్టు రంజీ ట్రోఫీలో మొదటిసారి ఆడింది 1953-54లో. ఆ సీజన్‌లో జట్టును నడిపింది భారత తొలి టెస్టు కెప్టెన్ సి.కె. నాయుడు. అప్పటికి ఆయన వయసు 58. ఉత్తరాంధ్రకు క్రికెట్‌తో పరిచయం అంతకన్నా పాతది. విజయనగరం రాజకుటుంబానికి చెందిన విజ్జీ 1930-31లో ఇంగ్లండ్ దిగ్గజాలు జాక్ హాబ్స్, సట్‌క్లిఫ్‌లను రప్పించి, తన జట్టులో చేర్చుకుని భారతదేశం, సిలోన్ అంతా తిప్పి ఆడించాడు. 1936లో భారత జట్టుకు కెప్టెన్‌గా ఇంగ్లండ్ వెళ్లాడు, 1954 నుంచి 1957 వరకు క్రికెట్ బోర్డు అధ్యక్షుడిగా పనిచేశాడు. చరిత్ర పుస్తకాల్లో ఈ పేర్లకు చోటు దక్కింది. ఎండలో రోజుకు ఇరవై ఓవర్లు వేసిన జిల్లా బౌలర్లకు మాత్రం స్కోరుకార్డులోనే చోటు.

ఆ బౌలర్లకు అన్నిటికన్నా కరువైంది మ్యాచ్‌లే. మొదట్లో రంజీ పూర్తిగా నాకౌట్ పోటీ. ఒక్క మ్యాచ్ ఓడితే ఆ ఏటికి ఆట ముగిసినట్టే. 1957-58లో జోనల్ లీగ్ పద్ధతి వచ్చాక దక్షిణ మండలంలో మద్రాసు, మైసూరు, హైదరాబాద్, కేరళలతో ఆంధ్ర తలపడేది. అంటే ఏడాదికి నాలుగు మ్యాచ్‌లు. తర్వాతి దశకు చేరని జట్టులో పదేళ్లు ఆడినా నలభై మ్యాచ్‌లకు మించవు. అందులోనూ ఒక గాయమైతే ఏడాది పోయినట్టే. 2002-03లో జట్లను పైస్థాయి ఎలైట్, కిందిస్థాయి ప్లేట్ అని రెండు అంచెలుగా విడదీశారు. అమెరికా బేస్‌బాల్‌లో కిందిస్థాయి మైనర్ లీగ్‌లో బంతి విసిరే పిచ్చర్ పైజట్టు పిలుపు కోసం ఏళ్ల తరబడి ఎదురుచూస్తాడు. రంజీ బౌలర్ పరిస్థితీ దాదాపు అదే.

పని విషయానికొస్తే, రంజీలో వాడే, చేతికుట్టుతో తయారయ్యే ఎస్జీ కంపెనీ ఎర్ర బంతికి సీమ్ (కుట్టు) ఎత్తుగా ఉంటుంది. ఆఫ్‌స్పిన్నర్ చూపుడువేలు, మధ్యవేలు ఆ కుట్టు మీద అడ్డంగా ఆనించి, చూపుడువేలితో తిప్పుతాడు. రోజంతా వేస్తే ఆ వేలి చర్మం ఒరుసుకుపోతుంది. రోజుకు 90 ఓవర్లు వేయాలి. 80 ఓవర్లయ్యాక కొత్త బంతి తీసుకోవచ్చు. పేసర్లు మళ్లీ బంతి అందుకునేదాకా, పాతబడి మెత్తబడిన బంతితో ఒక కొసన పరుగులు కట్టడి చేయడం స్పిన్నర్ బాధ్యత. వికెట్లు పడకపోయినా ఆ పనికి విలువ ఉంది. సెలెక్టర్ల లెక్కలో అది తక్కువగానే కనిపిస్తుంది.

డబ్బు లెక్క ఈమధ్యే మెరుగుపడింది. 2021 సెప్టెంబరులో బోర్డు రోజు ఫీజు పెంచింది. నలభైకి మించి మ్యాచ్‌లాడినవారికి రోజుకు 60,000, ఇరవైలోపు ఆడినవారికి 40,000 రూపాయలు. తుది జట్టులో లేని రిజర్వు ఆటగాడికి అందులో సగం. కొత్త బౌలర్ ఇప్పటి లీగ్ దశలో ఏడు నాలుగు రోజుల మ్యాచ్‌లూ ఆడితే 11 లక్షల 20 వేలు వస్తాయి. సీజన్ అయిపోతే ఆ రాబడీ ఆగిపోతుంది.

ఉత్తరాంధ్ర బౌలర్లకు మైదానాలు కూడా దగ్గరికొచ్చాయి. విజయనగరంలోని డాక్టర్ పి.వి.జి. రాజు స్పోర్ట్స్ కాంప్లెక్స్‌లో రంజీ మ్యాచ్‌లు జరిగాయి. విశాఖ స్టేడియంలో 2005 ఏప్రిల్ 5న పాకిస్థాన్‌పై ధోని 148 పరుగులు చేశాడు. 2016 నవంబరులో అక్కడే తొలి టెస్టు జరిగింది. 2022లో మొదలైన ఆంధ్ర ప్రీమియర్ లీగ్‌లో ఉత్తరాంధ్ర లయన్స్ అనే జట్టుకూ చోటు దక్కింది.

ఆ ఉత్తరాంధ్రలోనిదే టెక్కలి పట్టణం. అక్కడి ఆఫ్‌స్పిన్ ఆల్‌రౌండర్ త్రిపురాన విజయ్ ఆంధ్ర తరఫున ఆడి, 2024 నవంబరులో జెడ్డాలో జరిగిన ఐపీఎల్ వేలంలో 30 లక్షల రూపాయలకు ఢిల్లీ క్యాపిటల్స్‌కు ఎంపికయ్యాడు. వేలంలో అది కనీస ధరే. అయినా కొత్త రంజీ బౌలర్ పూర్తి లీగ్ సీజన్ ఆడి సంపాదించేదానికి అది రెండున్నర రెట్లకు పైనే. మరుసటి మార్చిలో ఢిల్లీ తన మొదటి రెండు సొంతగడ్డ మ్యాచ్‌లను ఆడింది విశాఖలోనే.