రాష్ట్రపతి విమానం - మన సీమ రన్‌వేలు

మా చక్రాయపేట నుంచి చూస్తే ఒకవైపు కడప, ఇంకోవైపు పుట్టపర్తి. కడప రన్‌వే ప్రభుత్వానిది, 1953 నాటిది. పుట్టపర్తిది సత్యసాయి ట్రస్టుది, 1990లో మొదలైంది. తర్వాత దాన్ని రెండు కిలోమీటర్లు దాటేలా పొడిగించారు. కడప మాత్రం కొత్త టెర్మినల్‌తో తెరుచుకునేసరికి 2015 జూన్!

2023 నవంబర్ 22న రాష్ట్రపతి ముర్ము స్నాతకోత్సవానికి వచ్చింది పుట్టపర్తికే. హైదరాబాదులో అయితే ఈ పనికి ప్రభుత్వ రన్‌వేలే ఉన్నాయి. 2006 మార్చి 3న బుష్ దిగింది బేగంపేటలో. బొల్లారం రాష్ట్రపతి నిలయానికి వెళ్ళాలంటే పక్కనే హకీంపేట వైమానిక స్థావరం. పుట్టపర్తిలో ఆ ఏర్పాటు ఒక ట్రస్టు చేయాల్సి వచ్చింది, అదే నాకు మింగుడుపడదు.

అన్నట్టు, మన ఇల్లూరు నీలం సంజీవరెడ్డి గారు రాష్ట్రపతిగా ఉన్నది 1977-82లో. అప్పటికి పుట్టపర్తి రన్‌వే పుట్టనే లేదు, కడపదానికి పాతికేళ్ళు.